మైనం పెట్టిన గిన్నె

దుప్పటి తన్నకుండా పడుకుంటేనే చెబుతాను, చిట్టితల్లీ. ఊఁ కొట్టడం మాత్రం మరిచిపోకు.

అనగనగా ఏటి ఒడ్డున ఒక ఊరు. దాని పేరు గడియలపాలెం. ఆ ఊరివాళ్ళకి వాళ్ళ తాతలనాటి నుంచీ ఒక వింత నమ్మకం. కాలానికి కళ్ళు లేవట. దానంతటది అడుగు వెయ్యలేదట. మనిషి చెయ్యి పట్టుకుని నడిపిస్తేనే ముందుకొస్తుందట.

అందుకని ఊరి మధ్య సావిట్లో గంగాళం నిండా నీళ్ళు పోసి, అడుగున సన్నని చిల్లి ఉన్న రాగి గిన్నె ఒకటి అందులో వదిలేవాళ్ళు. చిల్లిలోంచి నీళ్ళెక్కి గిన్నె మెల్లగా మునిగేది. అప్పుడు కాపలా ఉన్నవాళ్ళు "ఇటు రా తల్లీ" అని కాలాన్ని పిలిచి, గంట కొట్టేవాళ్ళు. ఆ తర్వాత గిన్నె ఒంపి మళ్ళీ వదిలేవాళ్ళు. రోజుకో ఇంటి వంతు. గంట వినందే ఊళ్ళో ఎవరూ పొయ్యి మీంచి అన్నం కూడా దించేవాళ్ళు కాదు. నవ్వకు, నువ్వు మాత్రం బడి గంట కొట్టందే బెంచీ దిగుతావా?

ఆ ఊళ్ళో తాయారు అని పదేళ్ళ పిల్ల ఉండేది. తండ్రి లేడు, పాపం. అమ్మే దాని లోకం. ఆ అమ్మకి జ్వరం వచ్చి మూడు రోజులైంది. ఒళ్ళు పెనంలా కాలిపోతోంది. ఆ పొద్దున వైద్యుడు భద్రయ్య వచ్చి నాడి చూశాడు.

సరిగ్గా ఆ రోజే గిన్నె కాపలా వాళ్ళింటి వంతు. సాయానికి వచ్చిన పిన్ని అమ్మ దగ్గర ఉండాలి కదా, అందుకని తాయారే బయల్దేరింది. గుమ్మం దాటుతుంటే భద్రయ్య పిన్నితో అంటున్న మాట చెవిన పడింది. "మూడో గంటకి గండం ఉందమ్మా."

ఆ తర్వాత ఆయన ఏమన్నాడో వినకుండానే తాయారు పరుగు తీసింది.

మొదటిసారి గిన్నె మునిగింది. తాయారు గంట కొట్టింది. రెండోసారి మునిగింది. మళ్ళీ కొట్టింది. అప్పుడు గిన్నె ఒంపి పట్టుకుంది కానీ, నీళ్ళలో వదల్లేకపోయింది. ఇది మునిగితే మూడో గంట. 'నేను పిలిస్తేనే కదా అది వచ్చేది? మా అమ్మ గండాన్ని నేనే చెయ్యి పట్టుకుని ఇంటికి తీసుకెళ్ళనా?' అనుకుంది.

పూసలు గుచ్చే దారానికి రాసుకునే మైనం ముక్క ఒకటి దాని బొడ్లో దోపుకుని ఉంది. అది తీసి, వేళ్ళతో మెత్తగా నలిపి, గిన్నె చిల్లికి అద్దేసింది. గిన్నె తేలింది. అలాగే తేలుతూ ఉండిపోయింది.

కాసేపటికి ఎదురింటి నాంచారమ్మ వచ్చింది. "గంట ఇంకా కాలేదుటే? అన్నం మాడు వాసనొస్తోంది" అంది. వంతువాళ్ళు తప్ప ఇంకెవరూ గిన్నెలోకి తొంగి చూడకూడదని కట్టుబాటు. "ఇంకా కాలేదత్తా" అంది తాయారు.

ఆ తర్వాత పడవ సరంగు వచ్చాడు. "జనం ఎక్కి కూర్చున్నారు, గంట పడితేగాని పడవ వదలకూడదాయె" అన్నాడు. "ఇంకా కాలేదు మామా" అంది. సావిడి గుమ్మంలో ఉన్న ఎండ మెల్లగా లోపలికి జరిగి దాని కాలి వేళ్ళ దాకా వచ్చింది. అదెలా జరిగిందో దానికి అర్థం కాలేదు, చూడాలంటేనే భయమేసి కాళ్ళు ముడుచుకుంది.

అప్పుడు పిన్ని వచ్చింది. జుట్టు ముడి ఊడిపోయి, చేతిలో చెంచాతో, రొప్పుకుంటూ వచ్చింది. "గంట ఏదే తాయారూ? గంటకో చెంచా కషాయం పొయ్యమన్నాడు. మూడో చెంచా పడితేగాని మీ అమ్మ గట్టెక్కదన్నాడు. ఇందాకటి నుంచీ పట్టుకుని కూర్చున్నానే! దాని కళ్ళు తేలిపోతున్నాయే!"

తాయారు కెవ్వుమంది. మైనం పీకి, గిన్నె నిండే దాకా ఆగే వ్యవధి ఎక్కడిది? గిన్నె మునగకుండా గంట కొట్టడం ఆ ఊళ్ళో మహాపాపం. అయినా సరే, రెండు చేతులతో కర్ర ఎత్తి ఖంగుమని కొట్టింది. పిన్ని వెనక్కి పరుగెత్తింది.

ఆకాశం విరిగి పడలేదు. నాంచారమ్మ అన్నం దించింది, పడవ కదిలింది. తాయారు మాత్రం వంతు వదిలి వెళ్ళకూడదాయె. మైనం గీకేసి, గిన్నె వదులుతూ, మునిగినప్పుడల్లా కొడుతూ, ఇంటి వైపు నుంచి ఏడుపు వినిపిస్తుందేమోనని చెవులు రిక్కించి కూర్చుంది. అలా ఎన్ని గిన్నెలు మునిగాయో!

పొద్దు వాలుతుండగా కోటిలింగం తాత వచ్చాడు. ఊళ్ళో పిల్లలకి కాలం సంగతి నేర్పే పెద్దాయన ఆయనే. తాయారు ఆయన కాళ్ళు పట్టేసుకుంది. "తాతా, నేను గిన్నె ఆపేశాను. ఆపినా ఎండ లోపలికొచ్చేసింది!" అని వెక్కి వెక్కి ఏడ్చింది.

తాత కోప్పడలేదు. నిండబోతున్న గిన్నెని ఒలక్కుండా పైకెత్తి, అడుగు చూపించాడు. చిల్లి చుట్టూ గట్టిపడ్డ పాత మైనం మచ్చలు, పొర మీద పొర. "ఈ నల్లది నాది. మా అమ్మకి జబ్బు చేసినప్పుడు పెట్టాను" అన్నాడు.

"మరి కాలం మన కోసం ఆగదని తెలిసి కూడా గంట ఎందుకు కొట్టిస్తావు తాతా?"

"కాలం కోసం కాదే పిచ్చితల్లీ. చెంచా పట్టుకుని కూర్చున్న వాళ్ళ కోసం." తాత ఆ నల్ల మచ్చని ఒకసారి తడిమి, గిన్నె మళ్ళీ నీళ్ళలో వదిలాడు. "నేను తీసేసరికి ఆలస్యమైపోయింది. నువ్వు వేళకి గంట కొట్టావు. వెళ్ళు, ఇక్కడ నేనుంటాను. మీ అమ్మ గంజి తాగి నిన్ను అడుగుతోంది."

తాయారు ఒక్క గెంతు గెంతింది. ఇంతలో గిన్నె బుడుంగుమంది. అప్పుడు ఆ పిల్ల ఏం చేసిందనుకున్నావు? గుమ్మం దాకా వెళ్ళింది కాస్తా వెనక్కొచ్చి, "ఇటు రా తల్లీ" అని గట్టిగా గంట కొట్టి, మరీ పరుగెత్తింది. ఏ ఇంట్లో ఎవరు చెంచా పట్టుకుని కూర్చున్నారో మరి!

గిన్నె మునిగె గంగాళంలో,
గంట మోగె సావిట్లో,
కథ పోయె కంచి దారిలో,
కునుకు వచ్చె నీ కళ్ళలో.