మూగ రీలు

రోమ్ నగరంలో ఎర్మానో అనే సినిమా రచయిత ఉండేవాడు. అడిగినవాడికల్లా తియ్యగా మాట ఇచ్చేసి, తెల్లారేసరికి మరిచిపోవడం అతని జబ్బు. కథలు మాత్రం అద్భుతంగా అల్లేవాడు. నిర్మాతలు తన సంభాషణలు మార్చినప్పుడల్లా కళ్ళనీళ్ళు పెట్టుకునేవాడు. "నేనే నిర్మాతనైతే ఒక్కరి మాటా మార్చను" అనేవాడు. కొన్నాళ్ళకి నిజంగానే నిర్మాత అయ్యాడు.

ఆ రోజుల్లో అక్కడ సినిమా తీసేటప్పుడు శబ్దం పట్టేవారు కాదు. నటులు కెమెరా ముందు పెదవులు కదిపేవారు. తర్వాత ఓ చీకటి గదిలో, చాలాసార్లు వేరేవాళ్ళే, ఆ పెదవులకు గొంతు కలిపేవారు. కలలో మనుషులు మాట్లాడుకున్నట్టే ఉండేది వ్యవహారం.

ఎర్మానో తొలి సినిమాలో ఒరెస్తే అనే ముసలి నటుడు తండ్రి వేషం వేశాడు. చివర్లో, పడవెక్కి వెళ్ళిపోతున్న కూతురితో ఆ తండ్రి ఒక్క మాట అనాలి. ఒరెస్తే ఎర్మానోను పక్కకు పిలిచాడు.

"బాబూ, నా సొంత కూతురు దెలియా నాతో మాట్లాడి ఏళ్ళయింది. కోపంలో నేనే ఇంట్లోంచి పొమ్మన్నాను. ఇప్పుడు నేను వెళితే తలుపేసుకుంటుంది. కానీ నా సినిమాలు చూస్తుందట. ఆ చివరి మాట నన్ను చెప్పుకోనివ్వు. నా గొంతుతోనే ఉంచు."

"అయ్యో, అదెంత భాగ్యం! నా ప్రాణం పోయినా మార్చను" అన్నాడు ఎర్మానో.

ముసలాయన పొంగిపోయాడు. నేను చెప్పాల్సింది ఆ చివరి మాటలో ఉంది, చూడమ్మా అని తన చెల్లెలి చేత కూతురికి కబురు పెట్టాడు.

షూటింగ్ రోజు పొద్దున్నే సముద్రం మీద మంచు తెరలు తెరలుగా కదులుతోంది. పడవ అందులో మెల్లగా కరిగిపోతోంది. ఒరెస్తే ఒడ్డున నిలబడి, "తప్పు నాదే తల్లీ, ఇంటికి రా" అన్నాడు. లైట్లు పట్టుకున్నవాళ్ళు కూడా ముక్కులు చీదుకున్నారు.

విడుదలకు ముందు, ఒరెస్తే గొంతుతోనే ఉన్న సినిమా చూసి హాళ్ళ యజమానులు పెదవి విరిచారు. "తండ్రి బతిమాలడమేమిటండీ? గర్జించాలి! లేకపోతే మేం ఆడించం" అన్నారు. ఎర్మానో కాసేపు తల గోక్కున్నాడు. పెదవులు కదలడమేగా, ఏ మాటైతేనేం అనుకున్నాడు. అచ్చం ఒరెస్తే గొంతులాగే పలికే మరొకడి చేత "పో! మళ్ళీ నా గడప తొక్కకు!" అనిపించాడు. చక్కగా అతికింది.

మొదటి ఆటకే దెలియా వచ్చింది. ఒరెస్తే టోపీ చేత్తో పట్టుకుని హాలు బయట ఎదురుచూశాడు. లోపల ఆ గర్జన వినగానే ఆమె తల దించుకుంది. తెర వైపు మళ్ళీ చూడలేదు. బయటికొచ్చి, తండ్రి ముఖమైనా చూడకుండా వెళ్ళిపోయింది. ఎంత పాపం, చెప్పండి! సినిమా మాత్రం బ్రహ్మాండంగా ఆడింది.

ఎర్మానో రెండో సినిమా మొదలుపెట్టాడు. అది తన తల్లి కథ, ప్రాణం పెట్టి రాసుకున్నది. తీసినంతవరకు వేసి చూసుకున్నాడు. ఏడ్చే అమ్మ, నవ్వే చెల్లి, అందరి పెదవులూ ఒక్కలాగే కదులుతున్నాయి. నటులు సంభాషణలు మానేసి ఒకటి, రెండు, మూడు అని అంకెలు లెక్కపెడుతున్నారు!

"ఇదేం విడ్డూరం?" అని అరిచాడు.

"ఎలాగూ తర్వాత మీకు నచ్చింది అతికిస్తారుగా! ఒరెస్తే గారికి జరిగింది చూశాక మాకెందుకండీ ఆ ఏడుపు?" అంది తల్లి వేషం వేసిన నటి.

ఎర్మానోకి తను ఒరెస్తేకిచ్చిన మాట గుర్తొచ్చింది. సిగ్గుతో చచ్చిపోయాడు. గొంతు కలపని పాత రీలు వెతికి తీసి, చిన్న ప్రొజెక్టరు మోసుకుంటూ దెలియా ఇంటికి వెళ్ళాడు. జరిగిందంతా చెప్పాడు.

"కథలు బాగా చెబుతారటగా మీరు. ఒక్క ముక్క నమ్మను" అంది దెలియా.

ఎర్మానో ప్రొజెక్టరు బల్ల మీద పెట్టాడు. కిటికీ తెరలు దించి, తెల్లగోడ మీద రీలు ఆడించాడు. చప్పుడు లేదు. మంచు, సముద్రం, ముసలి ముఖం. చిన్నప్పుడు దెలియా తండ్రి నాటకాలకు వెళ్ళి ముందు వరసలో కూర్చునేది. వేదిక పక్కనుంచి తండ్రి చప్పుడు లేకుండా పెదవులతోనే ఆమెకు కబుర్లు చెప్పేవాడు. ఇప్పుడు గోడ మీద ఆ పెదవులు ఏమంటున్నాయో ఆమెకు ఎవరూ చెప్పక్కర్లేదు. గోడ దగ్గరికి నడిచింది. వేళ్ళతో వాటిని తడిమింది. "నాన్నా" అంటూ బావురుమంది.

శాలువా కప్పుకుని తండ్రి దగ్గరికి బయలుదేరింది.

"ఇప్పుడు నమ్మారా?" అని ఆశగా అడిగాడు ఎర్మానో.

దెలియా గుమ్మంలో ఆగింది. "నమ్మాను. మిమ్మల్ని కాదు, మా నాన్న పెదవుల్ని" అంది.

అందుకే పిల్లలూ, తియ్యగా మాట ఇవ్వడం గొప్ప కాదు. ఇచ్చిన మాట నిలబెట్టుకోనివాడు చివరికి నిజం చెప్పినా లోకం నమ్మదు.