అక్క ఆయుష్షు

అనగా అనగా ఒక రాజు. ఏడుగురు కొడుకులనుకుంటున్నారేమో, లేరు. ఒక కూతురు, ఆ తర్వాత చాన్నాళ్ళకి ఒక కొడుకు, అంతే. కూతురు కుముద్వతి, కొడుకు రత్నాంగదుడు. వాడు పొత్తిళ్ళలో ఉండగానే తల్లి పోయింది. పాలు పట్టింది అక్కే, నడక నేర్పింది అక్కే, జ్వరమొస్తే పక్కన కూర్చుంది అక్కే. వాడు గుమ్మం దాటితే చాలు, తల నిమిరి, "నా ఆయుష్షు కూడా పోసుకుని బతకరా తమ్ముడూ" అనేది. మీ అమ్మమ్మలు అనరూ? అలాగే. ప్రేమకొద్దీ అనే మాట.

వాడు పెద్దవాడై దేశాటనకి బయల్దేరాడు. ఒక కొండ కింద జరాక్షుడనే మాంత్రికుడు తగిలాడు. అతను చిటికేస్తే మోడు చిగురించేది, ఇంకో చిటికేస్తే దానికి పండు పండేది.

"నాకూ నేర్పవయ్యా" అన్నాడు రాకుమారుడు.

"దీనికి మంత్రం అక్కర్లేదు, తపస్సు అక్కర్లేదు. కాలం కావాలి. ఎవరైనా నీకు నోరారా ఇచ్చిన ఆయుష్షు ఉంటే, చిటికేసినప్పుడల్లా అందులోంచి కొన్నేళ్ళు ఖర్చవుతాయి. ఖర్చయింది నాకు చేరుతుంది. నీకెవరైనా ఇచ్చారా?"

రాకుమారుడు నవ్వాడు. "మా అక్క రోజూ ఇస్తుందిగా!"

"ఇంకేం మరి!" అన్నాడు జరాక్షుడు.

వాడికి అర్థం కాలేదనుకుంటున్నారా? కాస్తో కూస్తో అయింది. మాటవరసకి అన్నది నిజంగా ఎలా ఖర్చవుతుందిలే అనుకున్నాడు. అలా అనుకుంటే హాయిగా ఉంది మరి, వెధవకి.

మొదటిసారి ఏటి ఒడ్డుకొచ్చాడు. పడవ అవతలి గట్టున ఉంది. కాసేపు కూర్చుంటే వచ్చేది. ఆగలేక చిటికేశాడు, అవతల తేలాడు. రెండోసారి ఒక సత్రంలో రాకుమారులు చేరి గొప్పలు చెప్పుకుంటున్నారు. వీడు ఊరుకుంటాడా? మామిడి టెంక పాతి చిటికేశాడు. మొలిచింది, చెట్టయింది, కాసింది, పండింది. భళా అన్నారంతా. మూడోసారి వానలో తడిశాడు. బట్టలు ఆరేదాకా ఎవడు కూర్చుంటాడని మళ్ళీ చిటికే. బట్టలు ఆరాయి. మీసం మెలేసుకుంటూ ఇంటిదారి పట్టాడు.

కోటలో ఒక ముసలావిడ ఎదురొచ్చింది. "అవ్వా, మా అక్క ఏదీ?" అని అడిగాడు.

"నేనేరా తమ్ముడూ" అంది ఆవిడ.

తల ముగ్గుబుట్ట అయిపోయింది. నడుం వంగిపోయింది. కళ్ళు మాత్రం అక్కవే. "చిక్కిపోయావురా, రా, అన్నం తిందువుగాని" అని కూర్చోబెట్టి, ముద్దలు కలిపి పెడుతూ మెల్లిగా చెప్పింది. "మూడుసార్లు అయిందిరా ఇలా. ఉన్నట్టుండి వయసు మీద పడిపోయింది. నీకేదో ప్రాణాపాయం వచ్చిందనీ, నా ఆయుష్షు అడ్డం పడిందనీ అనుకున్నాను. పోన్లే, నువ్వు దక్కావు. వసుచంద్రుడికి కబురంపేశాను, వేరే పిల్లని చూసుకోమని."

వసుచంద్రుడంటే ఆవిడకి కుదిరిన పెళ్ళికొడుకు, పక్క దేశపు యువరాజు.

"ఏం ఆపద వచ్చింది తమ్ముడూ?" అంది అక్క.

చెప్పొచ్చుగా? చెప్పలేదు. "రాక్షసులక్కా! ముగ్గురు రాక్షసులు" అన్నాడు.

ఛీ! ఆ మాట నోట్లోంచి ఊడిపడ్డాక తల కొట్టేసినట్టయింది వాడికి. ఆవిడ మొహం చూడకుండా "వెళ్ళొస్తానక్కా" అని లేచాడు. అక్క మళ్ళీ ఆ మాటే అంటుందేమోనని చెవులు మూసుకుని పరుగెత్తాడు.

సముద్రపొడ్డున ఒక తాబేలు వెల్లకిలా పడి కాళ్ళు కొట్టుకుంటోంది. దాన్ని తిప్పి నిలబెట్టాడు. "మేలు చేశావు నాయనా. ఎందుకలా మొహం వేలాడేశావు?" అందది. మనిషికి చెప్పలేనిది తాబేలుకి చెప్పాడు.

"జరాక్షుడి ప్రాణం ఏడు సముద్రాల అవతల, దానిమ్మ చెట్టు మీద, ఒక చిలకలో ఉంది" అంది తాబేలు. "గుంజుకున్న కాలమంతా దాన్లోనే ఉంది. పీక నులిమావో, మీ అక్క వయసూ దాంతోనే పోతుంది. నోటితో ఇచ్చింది నోటితోనే తిరిగి రావాలి. ఆ చిలక మీ అక్క ఎదుట, ఆవిడ నీతో అనే ఆ మాటే అందంటే, ఎవరి కాలం వాళ్ళకి చేరిపోతుంది. ఎక్కు నా వీపు మీద."

"నీ నడకకి ఎప్పటికి చేరతాం? చిటికేస్తే..."

"వేస్తావా?" అంది తాబేలు.

వాడు సిగ్గుతో చెయ్యి వెనక్కి లాక్కున్నాడు.

ఈదగా ఈదగా ఈదగా, ఏడు సముద్రాలూ దాటారు. చెట్టుకి కాపలా లేదు. ఎందుకుంటుంది? అక్కడికి రావాలనుకున్న వాళ్ళందరూ చిటికెలేస్తూ వచ్చేవాళ్ళే, వాళ్ళకొచ్చిన కాలం దారిలోనే అయిపోయేది. ఇంత మెల్లిగా ఎవడొస్తాడని జరాక్షుడి ధీమా. చిలకని ఉత్తరీయంలో చుట్టి తెచ్చేశాడు.

తిరుగుదారిలో తాబేలు వీపు మీద కూర్చుని, వాడు తను చేసిన పనులు తల్చుకుని తనలో తనే గొణుక్కున్నాడు. చాలాసేపటికి తేరుకుని చిలకకి అసలు మాట నేర్పాడు. చెప్పి చూడమంటే, అది గొణుగుడంతా పొల్లుపోకుండా చెప్పాకే అసలు మాట చెప్పింది!

"దాని వరస అంతే. ముందు విన్నది ముందే పలుకుతుంది, దాటెయ్యదు" అంది తాబేలు.

వాడి మొహం పాలిపోయింది. కోటకొచ్చి దాసీలని పంపేశాడు, భటులని పంపేశాడు, తలుపులు వేయించాడు. అక్కని పంపలేడుగా! ఆవిడ ఎదుటే పలకాలి మరి. ఒక్క క్షణం, చిలకని తీసుకుని పారిపోదామనిపించింది. అక్క వణుకుతున్న చేత్తో వాడికి పీట వాల్చింది. ఉత్తరీయం విప్పేశాడు.

"పడవ కోసం కాసేపు ఆగలేకపోయాను!" అంది చిలక. "మామిడిపండు చూపించి గొప్పలు పోయాను! తడి బట్టలు ఆరేదాకా కూర్చోలేకపోయాను! రాక్షసులూ లేరు, ఎవరూ లేరు! అక్కతో అబద్ధం చెప్పాను!"

చిలక గొంతంటే మామూలు కీచుగొంతా! తలుపుల అవతల అందరికీ వినబడింది. వాడు నేల మీద బోర్లా పడి మొహం దాచుకున్నాడు. అప్పుడు చిలక, "నా ఆయుష్షు పోసుకుని బతుకు" అంది.

అంతే. ఎక్కడో కొండ కింద జరాక్షుడు గుప్పెడు బూడిదైపోయాడు. కుముద్వతి జుట్టు నల్లబడింది, నడుం నిలబడింది. వాడు మాత్రం తలెత్తలేదు. కొడుతుందనుకున్నాడు, కొడితే బావుణ్ణనుకున్నాడు.

"తడి బట్టల్తోనే ఇంటికొచ్చేయొచ్చు కదరా" అంది అక్క. "నేను పిండి ఆరేసేదాన్నిగా."

వాడు భోరుమన్నాడు.

వసుచంద్రుడు వేరే పిల్లని చూసుకోలేదు. ఎంతమంది చెప్పినా వినలేదట. పెళ్ళి అంగరంగ వైభవంగా జరిగింది. తర్వాత రత్నాంగదుడికీ పెళ్ళయింది. చాలాకాలం రాజ్యమేలాడు. ఇంత మంచి రాజు లేడని ప్రజలు పొగిడేవాళ్ళు. వాళ్ళు పొగిడినప్పుడల్లా ఆయన తల దించుకునేవాడు. ఎంత వినయమో అనుకునేవాళ్ళు వాళ్ళు.