నూటపన్నెండవ ఆకు

భావన్న అబద్ధమాడుతున్నాడని కేదారయ్యకు మూడు దినాలుగా తెలుసు. తెలిసిన దానిని గురువుగారి ముందు ఏ రీతిగా పెట్టాలన్నదే అతని చింత.

తుంగభద్ర ఒడ్డున ఈచలపాడులో త్రిపురాంతక శాస్త్రులవారిది చిన్న లేఖకశాల. తాటాకుల మీద ఇనుప గంటంతో గ్రంథాలు వ్రాయడమే అక్కడి చదువు, అక్కడి తపస్సు. శాస్త్రులవారికి అప్పటికి డెబ్బది దాటినవి. శిష్యులలో కేదారయ్య, భావన్న, ఈ ఇద్దరే మిగిలినారు.

ఆ యేడు శాస్త్రులవారు తమ గురువుగారు రచించిన వ్యాఖ్యానానికి ప్రతి తీస్తున్నారు. లోకంలో దానికి ఉన్నది ఒక్కటే ప్రతి. అదీ చెదలు తిని, వేలు తగిలితే పొడియై రాలుతున్నది. ఆద్యంతం నా చేతితోనే వ్రాసి నిలుపుతానని గురువుగారి అంత్యకాలంలో ఆయన మాట ఇచ్చి ఉన్నారు. నూటముప్పది ఆకులలో ఇంకా ఏడు మిగిలినవి.

ఆ శాలకు కట్టడి ఒక్కటే. ఆకు చెడవచ్చు, చెడినదని అందరి ఎదుట చెప్పి, మరొక ఆకు తీసుకొనవచ్చు. చెడిన ఆకును దాచినవాడు మాత్రం గంటం దింపి వెళ్ళిపోవాలి. దాచడం మరిగిన చేతి నుండి వచ్చిన గ్రంథాన్ని ఎవరు నమ్ముతారు?

కేదారయ్య చూపు చురుకైనది. ఒకమారు పొరుగూరి పెద్దమనిషి ఒకాయన, అయిదువందల యేండ్లనాటి ప్రతి అంటూ పొగచూరిన గ్రంథమొకటి తెచ్చినాడు. కేదారయ్య దానిని వాసన చూచి, "అయ్యా, ఇంగువ వాసన వస్తున్నది. అయిదువందల యేండ్లూ దీనిని పులుసుకుండ మీదనే వ్రేలాడదీసినారా?" అన్నాడు. ఆ పెద్దమనిషి మజ్జిగైనా పుచ్చుకొనక లేచిపోయినాడు. అది మొదలు ఎవరు ఏ మాట అన్నా, ఆ మాట వెనుక మరొక మాటను వెదకడం కేదారయ్యకు అలవాటైపోయింది.

అట్టి కంట వ్యాఖ్యానంలోని నూటపన్నెండవ ఆకు పడింది. ప్రక్క ఆకుల కంటె అది తెల్లగా ఉన్నది. అక్షరాలు గురువుగారి వలెనే ఉన్నవి గాని గురువుగారివి కావు.

ఆనాడే భావన్నను అడిగినాడు. "నిన్న మధ్యాహ్నం ఎక్కడికి పోయినావోయ్?"

"ఏటికి. స్నానానికి."

"ఆరవేసిన పంచె ఎక్కడా కనబడలేదే?"

"కట్టుకొన్న పంచె ఒంటి మీదనే ఆరింది. ఏమోయ్, మళ్ళీ నా ముఖం చదువుతున్నావా? ఈ తడవ ఎన్నో సర్గ?"

నవ్వుతూనే అన్నాడు. అయితే ఆ నవ్వు మధ్యలో అతని చూపు ఒక్క లిప్తపాటు ఇంటికప్పు వైపు పోయి వచ్చింది. కేదారయ్యకు ఆ లిప్త చాలింది. భావన్న బయటికి పోగానే నిచ్చెన వేసుకొని కప్పు తడిమినాడు. తాటాకుల కప్పులో తాటాకును దాచినవాడి తెలివికి మనసులో ఒక నమస్కారం కూడా పెట్టినాడు. దొరికిన ఆకు మీద గురువుగారి వ్రాత ఉన్నది. దాని నడుమ, ఏటవాలుగా, జానెడు చీలిక.

రెండు దినాలు ఆలోచించి, నోటితో చెబితే చాడీ అవుతుందని కేదారయ్య తన నిదర్శనాలన్నిటిని ఒక ఆకు మీద వరుసగా వ్రాసినాడు. మరునాటి ఉదయం ఆ ఆకునూ, చీలిన ఆకునూ పట్టుకొని అరుగు మీద కూర్చున్న గురువుగారి ముందు నిలిచినాడు.

శాస్త్రులవారు అతని ఆకును అందుకొని ఎండకు అటూ ఇటూ వంచి చూచినారు.

"మసి పూయలేదేమిరా? నా కళ్ళకు పరీక్ష పెడుతున్నావా?"

గంటంతో గీచిన అక్షరం ఆకు మీద ఊరకే కనబడదు. నూనెలో కలిపిన మసిని పైన రుద్ది తుడిస్తే, గీతలలో నిలిచిన నలుపే అక్షరమై పైకి వస్తుంది.

"తొందరలో మరచినానండి. క్షమించాలి."

"ఏమీ ఫరవాలేదు. నేను రుద్దుతూ ఉంటాను, నీవు చదువుతూ ఉండు."

మసిగుడ్డ వెంట వరుస తరువాత వరుస నల్లగా మేలుకొన్నది. కేదారయ్య చదివినాడు. ఆకు క్రొత్తది. భావన్న వ్రాయని ఆకుల కట్టలో సరిగా ఒక ఆకు తక్కువైనది. ఏటికి పోయినానన్నాడు, పోలేదు. అసలు ఆకు కప్పులో దొరికింది. క్రొత్త ఆకులో గురువుగారి దస్తూరిని అనుకరించినాడు; అనుకరణ ఎంత శ్రద్ధగా సాగిందంటే, అటూ ఇటూ ఉన్న ఆకులలోని అక్షరాల కంటె అందులోని అక్షరాలే నిటారుగా ఉన్నవి.

"నిటారుగా ఉన్నవా?" అన్నారు శాస్త్రులవారు.

"అవునండి. దొంగవ్రాత గనుక జాగ్రత్తగా వ్రాసినాడు."

"బాగా చూచినావు. ఇందులో ఒక్కటీ పొల్లు లేదు. సరే, ఇంత పని ఎందుకు చేసినాడంటావు?"

"అదీ వ్రాసినానండి. చివరి వరుస."

గుడ్డ చివరి వరుస మీదికి వచ్చింది. కేదారయ్య గొంతు సవరించుకొని చదివినాడు. "గ్రంథంలో తన చేయి కూడా ఉన్నదని రేపు చెప్పుకొనుటకును, గ్రంథాంతమున లేఖకుని పేరు చెప్పుచోట తన పేరు చెక్కుకొనుటకును, భావన్న ఈ కపటమునకు ఒడిగట్టినాడు."

"పేరు కోసమా?"

"మరి దేనికండి? మనిషి అంత దాపరికం చేసినాడంటే లోపల అంత ఆశ ఉండి తీరాలి గదా."

శాస్త్రులవారు ఊఁ అని, గుడ్డను ఆపక అట్లే ఆకు కొస దాకా పోనిచ్చినారు.

పని మొదలుపెట్టేముందు ప్రతి లేఖకుడూ ఆకు కొస మీద ఏదో ఒకటి గీకి గంటం మొన చూచుకొంటాడు. మనసు పెట్టి వ్రాసేది కాదది. చేతికి ఏది వస్తే అది. వ్రాత ముగిసినాక ఆ కొసను కత్తిరించి పారవేస్తారు. మసి పూయడం మరచిన తొందరలో కేదారయ్య కొస కత్తిరించడమూ మరచినాడు.

ఆ కొస ఇప్పుడు నల్లబడింది. మూడు పంక్తులు, ఒకదాని క్రింద ఒకటి, ముత్యాలవలె తేలినవి.

గ్రంథము సంపూర్ణము. కేదారయ్య వ్రాలు.
గ్రంథము సంపూర్ణము. కేదారయ్య వ్రాలు.
గ్రంథము సంపూర్ణము. కేదారయ్య వ్రాలు.

కేదారయ్య ఆకు మీదికి వంగినాడు. చెవులు వేడెక్కినవి. ఆ పంక్తులు తాను ఎప్పుడు గీచినాడో అతనికే జ్ఞాపకం లేదు. చేయి మాత్రం తనదే.

శాస్త్రులవారు ఆకును కొంచెం దూరంగా పట్టుకొని, మనుమడి వ్రాత చూచే తాతవలె తల ఊపినారు.

"మూడవది బాగా కుదిరిందిరా. మొదటి రెంటిలో 'పూ' కొంచెం బొద్దుగా వచ్చింది."

"గురువుగారూ..."

"ఉండు, ఉండు. నీ నిదర్శనాలలో ఒకటి తక్కువైనది. అది నేను వ్రాస్తాను. గంటం ఇటు ఇయ్యి."

ఎడమ చేత ఆకు పట్టి, కుడి చేత గంటం నిలిపి, ఆయన కేదారయ్య వ్రాసిన చివరి వరుస క్రింద ఒక అక్షరం మొదలుపెట్టినారు. గాలిలో ఉన్నంతసేపు ఆ చేయి నిశ్చలంగానే ఉన్నది. మొన ఆకుకు ఆని, వ్రేలు ఒత్తేసరికి మణికట్టులో ఒక వణుకు పుట్టింది. ఆయన పెదవి బిగించినారు. వణుకు నిలువలేదు. గంటం జారి, ఆకును చీల్చుకొంటూ సర్రున పోయింది.

ఆకు నడుమ, ఏటవాలుగా, జానెడు చీలిక.

కేదారయ్య చేతిలో కప్పులో దొరికిన ఆకు ఉన్నది. రెంటినీ ప్రక్క ప్రక్కన పెట్టి చూడవలసిన పని లేకపోయింది. అయినా చూచినాడు. చాలాసేపు చూచినాడు.

"చైత్ర మాసం నుండి ఇంతే," అన్నారు శాస్త్రులవారు నెమ్మదిగా. "ప్రొద్దున పూట కొంత నయం."

ఇంతలో మసిలో కలిపే పసరుకు చిక్కుడాకులు కోసుకొని భావన్న వాకిట్లోకి వచ్చినాడు. అరుగు మీద గురువుగారు, ఆయన చేతిలో చీలిన ఆకు, ఎదుట దించిన తలతో కేదారయ్య. భావన్న ఒడిలోని ఆకులన్నీ నేల రాలినవి. పరుగున వచ్చి అరుగు అంచున మోకరిల్లినాడు.

"నేనేనండి! నేనే చించినాను. ఇందాక దుమ్ము దులుపుతూ ఉంటే నా గోరు తగిలి చీలిపోయింది. చెబుదామనే వస్తున్నానండి."

ఆ ఆకును అతడు అంతకు ముందు కంటితో చూచి ఎరుగడు. అది తన మీద వచ్చిన ఫిర్యాదని కూడా అతనికి తెలియదు.

శాస్త్రులవారికి నవ్వు ఆగలేదు. కండ్ల నీళ్ళు వచ్చేదాకా నవ్వినారు. "నీ గోరు జానెడు పొడవా, భావా?"

"నిన్ననే కత్తిరించినానండి," అన్నాడు భావన్న, అబద్ధాన్ని వదలక.

నవ్వు తుడుచుకొని, శాస్త్రులవారు లోపలికి పోయి తమ గంటం తెచ్చినారు. యాబది యేండ్లు వారి వేళ్ళ మధ్య అరిగిన గంటం అది. దానిని కేదారయ్య ముందు నేల మీద పెట్టినారు.

"కట్టడి నీకు తెలుసు. దాచినవాడు గంటం దింపాలి. నా చేతిలో చీలిన ఆకును వీడు దాచినాడు. వీడు దాచినాడని ఎరిగీ, మిగిలిన ఏడు ఆకులు నా చేతితోనే ముగియాలన్న ఆశతో, నేను నా చేతిని దాచినాను. నీ చూపు మంచిది. ఎవరు దింపాలో నీవే చెప్పు, నాయనా."

భావన్న ముఖం పాలిపోయింది. "గురువుగారూ, అదేం మాట! వాణ్ణి అడుగుతారేమండి? ఒరే కేదారా, నన్ను పొమ్మను. నేను పోతాను. నోరు తెరచి చెప్పరా!"

కేదారయ్య అతని ముఖం చూచినాడు. పదేండ్లుగా చదువుతున్న ముఖం అది. అందులో ఇంతకు ముందు ఏమి చదివినాడో ఇప్పుడు ఒక్క ముక్క గుర్తుకు రాలేదు.

"ఇక్కడ ఎవరూ ఏమీ దాచలేదండి," అన్నాడు. "అన్నీ ఎదుటనే ఉన్నవి."

అతడు లేచి లోపలికి పోయి, గ్రంథపు పీట తెచ్చి గురువుగారి ముందు వేసినాడు. క్రొత్త ఆకు ఒకటి తుడిచి ఆయన ఎడమ చేతికి అందించినాడు. పాత ప్రతిని భావన్న ముందు పెట్టి, "నీవు చదువు" అన్నాడు. నేల మీది గంటాన్ని కండ్లకు అద్దుకొని గురువుగారి వ్రేళ్ళలో ఉంచినాడు. పిమ్మట ప్రక్కన చేరి, తన అరచేతిని ఆయన మణికట్టు క్రింద పెట్టి ఊపిరి బిగబట్టినాడు.

భావన్న ఒక వాక్యం చదివినాడు. మధ్యలో తడబడి, మళ్ళీ మొదటి నుండి చదివినాడు. గంటం ఆకుకు ఆనింది. మొదటి అక్షరం నిలిచింది. రెండవదీ నిలిచింది.

మూడవ అక్షరం దగ్గర శాస్త్రులవారు ఆగి, ప్రక్కకు తిరిగి చూచినారు.

"అంత గట్టిగా పట్టుకోకు, నాయనా. వ్రాసేది నేను. నీవు మోస్తే చాలు."