గుడ్డలోకి ఇంకిన ఏడుపు

రాజుగారి డేరాలో ప్రతి శుక్రవారం కొత్త హిందీ ఆట ఆడేవారు. మర్నాడు శనివారం అదే ఆట సముద్రానికి అవతల ఇసుకదీవిలో ఆడేది. ఆ సంగతి రాజుగారికి తెలియదు.

దాన్ని దీవికి దాటించేవాడు నీడలదొంగ. అల్లాటప్పా దొంగ కాదు. పరుగెత్తే గుర్రం నీడను, గుర్రానికి చురుక్కుమనకుండా ఒలిచి ఇంటికి తెచ్చుకున్న మొనగాడు. ఒకసారి పిడుగు నీడనే పట్టి మూడు రోజులు గోలెం కింద దాచాడు. అబద్ధమనుకుంటే ఆ గోలేన్ని అడగండి, ఇప్పటికీ ఉరుముతుంది.

వాడి పనితీరు ఇది. తడిపిన పల్చటి మల్లుగుడ్డ ఒళ్లో పరుచుకుని డేరాలో కూర్చునేవాడు. తెరమీద పడిన ప్రతి నీడా, పలికిన ప్రతి మాటా గుడ్డలోకి ఇంకేది. ఆ గుడ్డమీద ఇంకో గుడ్డ అద్దితే రెండు ఆటలు. దానిమీద మరొకటి అద్దితే మూడు. తెల్లారేసరికి పడవకు పట్టనన్ని ఆటలు.

చిక్కల్లా ఒకటే. గుడ్డకు ఏది పీల్చాలో ఏది వదలాలో తెలీదు. ముందు వరుసవాళ్ల తలకాయలు, దగ్గులు, వేరుశనక్కాయలు ఒలిచే చప్పుడు, అన్నీ తాగేస్తుంది. గొంతు దొరికిందా, మనిషి దొరికినట్టే. నీడలు దొంగిలించినవాడి నీడను కత్తెరతో కోసి తెర అంచుకు కుట్టెయ్యాలని రాజుగారి శాసనం. నీడ పోయిన మనిషి మూడో రోజు పొద్దు చూడడు. అందుకని దొంగ నోట్లో పోకచెక్క బిగించి కూర్చునేవాడు. డేరా అంతా పొర్లి పొర్లి నవ్వినా వాడి పెదవి కదిలేది కాదు.

ఒక శుక్రవారం ఆటలో వీరులు చచ్చారు, అందగత్తెలు చచ్చారు. దొంగ చలించలేదు. చివర్లో, కథతో ఏ సంబంధమూ లేని ఒక వంటవాడు ఎవరికోసమో నాలుగు రొట్టెలు మూటగట్టి గుమ్మంలో నిలబడ్డాడు. ఎవరూ రాలేదు. అంతే. దొంగ గొంతులోంచి ఏదో జారింది. ముందు కీచుమని, తర్వాత ఒక గుటక, ఆపైన మూడు వెక్కులు. పోకచెక్క ఎటో ఎగిరిపోయింది.

"ఇరవై ఏళ్లు కిమ్మననివాణ్ణి. గుడ్డ వినే ఉండదులే," అనుకున్నాడు. తీసిన ఆటను తాను చూడకూడదన్నది వాడి నియమం. చూడలేదు. గుడ్డలు సముద్రం దాటాయి.

ఆదివారం ఊళ్లో దండోరా వేశారు. "ఇసుకదీవిలో దొంగగుడ్డ ఒకటి దొరికిందహో! అందులో ఏడ్చినవాణ్ణి చెవులవాడు పట్టుకుంటాడహో!" చెవులవాడంటే రాజుగారి భటుడు. చీమ ఆవలిస్తే అది ఏ పుట్టదో చెప్పగలడు.

దొంగ రేవుకు పరుగెత్తాడు.

"ఏం బావా, మొహం వాడిన తోటకూర కాడలా ఉందే?" అన్నాడు పడవ సరంగు.

"దీవికి పోనీ. గుడ్డలన్నీ చింపెయ్యాలి."

"సముద్రంలో ఉప్పు పోసొచ్చి, ఇప్పుడు గింజ గింజా ఏరుకుంటానంటావేంటి?"

అయినా పోనిచ్చాడు.

ఇసుకదీవిలో ఉండేది ఆకాశాన్ని పొడిచే మేడలు కట్టడానికి వందూళ్ల నుంచి వచ్చిన జనం. రాజుగారి ఆట అక్కడికి ఏడాదికి గానీ రాదు. వచ్చినా మేడల్లోవాళ్లకే. కూలిజనానికి గుడ్డే గతి. అందులో ఆటకంటే అడ్డొచ్చే తలకాయలే వాళ్లకు ముద్దు. "ఆ బట్టతల మా మేనమామది," అని ఒకడంటే, "నోర్ముయ్, మా మేస్త్రిది," అని ఇంకొకడు కలబడేవాడు.

దొంగ రెండు చేతులతో ఏడొందల గుడ్డలు చింపాడు. ఈలోగా దీవివాళ్లు ఏడువేలు అద్దుకున్నారు. ఒక గదిలో నలభైమంది గుడ్డ ముందు కూర్చుని ఉన్నారు. రొట్టెల మూట వచ్చింది. గుడ్డ ఏడ్చింది. వెంటనే నలభైమందీ ఏడ్చారు. కీచు, గుటక, మూడు వెక్కులు. దొంగ వెంట్రుకలు నిక్కబొడుచుకున్నాయి.

"ఇదేం ఏడుపు పెద్దమ్మా?" అని గదులు ఊడ్చే ముసలమ్మను అడిగాడు.

"ఇక్కడ ఇలాగే ఏడవాలి నాయనా. ఆటలో అలాగే ఉంది," అంది ఆమె కళ్లొత్తుకుంటూ. "ఆ హిందీ మాటలు నాకు సగం తెలీవు. ఇది మాత్రం మొత్తం తెలిసింది."

మర్నాడు చెవులవాడి ఓడ వచ్చింది. ఎండ వాలే వేళ, నీడలు పొడుగ్గా సాగినప్పుడు, అందర్నీ ఇసుకలో వరసగా నిలబెట్టాడు. చేతిలో కత్తెర ఉంది.

"ఏడవండి," అన్నాడు.

మొదటివాడు ఏడ్చాడు. రెండోవాడూ అలాగే ఏడ్చాడు. ఐదొందలమందీ అదే ఏడుపు. చెవులవాడు తల వంచి వింటూ వచ్చాడు.

"నీ గుటక పొడిగా ఉంది. పో. నీ మూడో వెక్కు కురచ. పో."

దొంగ వంతు వచ్చింది. తన ఏడుపు దాచుకోవాలని కూడా గుర్తు రాలేదు. నోరు తెరిస్తే, కత్తెర చూసిన మేకపిల్ల అరుపులాంటిదేదో బయటికొచ్చింది.

చెవులవాడు పకాలున నవ్వాడు. "నకలు. అందులోనూ నాసిరకం. పో."

పక్కన పెద్దమ్మ, చేతిలో చీపురుతో. ఆమె కొంగు సర్దుకుని, ఎక్కడా తొట్రుపడకుండా ఏడ్చింది. కీచు, గుటక, మూడు వెక్కులు. వరసలో ఎవడో ఈల వేశాడు. "అదరగొట్టేశావు పెద్దమ్మా!"

చెవులవాడు కళ్లు మూసుకున్నాడు. "ఇదీ అసలు," అన్నాడు.

దొంగ నాలుక పైకి లేచింది. అది తనదని చెప్పడానికి ఒక్క మాట చాలు. కాళ్లవైపు చూసుకున్నాడు. నీడ ఇంకా అక్కడే ఉంది, పది వేళ్లతో సహా. నాలుక దిగిపోయింది. కత్తెర నోరు మూసింది. ఇసుక మీద గుడ్డ చిరిగినట్టు చప్పుడైంది.

పై శుక్రవారం డేరాలో కొత్త ఆట. తెర అంచున, వంగిన నడుముతో, చీపురు పట్టుకుని ఒక ముసలి నీడ కదలకుండా నిలబడి ఉంది. దొంగ ఒళ్లో తడిగుడ్డ పరిచి, ఆట ముగిసేదాకా చప్పుడు చెయ్యకుండా కూర్చున్నాడు.

శనివారం దీవిలో గుడ్డ విప్పారు.

"పెద్దమ్మ కదూ?" అన్నారెవరో.

అవునన్నారు అందరూ. గుడ్డ ఎప్పుడు ఏడుస్తుందా అని చివరిదాకా ఎదురుచూశారు. గుడ్డ ఏడవలేదు. కాబట్టి ఎవరూ ఏడవలేదు.