గీతలు ఎన్ని?

ఇస్తారి గురువు ఇంటికి ఆ సాయంత్రం అండాలు రెండు బాధలు మోసుకొచ్చింది. ఒకటి కూతురు. రెండోది ఒక తెల్ల కారు.

ఇస్తారి ముప్పై ఏళ్ళు బస్సు నడిపి రిటైరైన మనిషి. జనగామలో బస్టాండు వెనక సందులో ఉంటాడు. సోమవారాలు ఆయన అరుగు మీద ఇరవై మంది దాకా చేరి చిరతలు వాయిస్తూ తత్వాలు పాడతారు. ఆయన మాత్రం పెద్దగా మాట్లాడడు. ఏదైనా అడిగితే ఎదురు ప్రశ్న వేస్తాడు, లేదా లేచి ఏదో పని చేస్తాడు. ఆ పని ఎందుకు చేశాడో తెలిసేసరికి కొందరికి నెల పట్టేది, కొందరికి తెలిసేదే కాదు.

అండాలు ఆరేళ్ళుగా ఆయన శిష్యురాలు. జాకెట్లు కుడుతుంది. పాట పాడితే సందు చివరిదాకా వినిపించే గొంతు ఆమెది. రెండు నెలలుగా ఆ గొంతు లేవలేదు.

రెండు నెలల కింద, బడి వదిలే వేళకి, ఆమె కూతురు మేఘన రోడ్డు దాటబోయింది. గేటును ఆనుకుని ఎవరో కారు ఆపుకుని ఉన్నారు. ఆ కారు చాటునుంచి పిల్ల ముందుకు అడుగు వేసింది. అవతలనుంచి మోటారు సైకిలు వచ్చింది. మెడ కింద ఎముక విరిగింది. ఎముక అతుక్కుంది. కారు ఎవరిదని అడిగితే పిల్ల తెల్లదని మాత్రం చెప్పగలిగింది.

అండాలు ఊరుకోలేదు. ఎక్స్‌రే కవరు చంకన పెట్టుకుని ఆఫీసుల చుట్టూ తిరిగింది. కుర్చీలో ఉన్నవాళ్ళకి ఆ ఎముకను లైటు కింద పట్టి చూపించింది. చివరికి ఒకరోజు లారీలో మనుషులు వచ్చారు. గేటు ముందర జీబ్రా చారలు వేశారు, రోడ్డు అంచున పసుపు గీతలు గీశారు. ఆమె రంగు ఆరేదాకా పక్కనే నిలబడి చూసింది. ఊళ్ళో ఎవరు ఆ దారిన పోయినా అవి అండాలు గీతలు అనుకునేవాళ్ళు. ఆమె కూడా అట్లాగే అనుకునేది.

గీతలు పడ్డాక కూడా ఒక తెల్ల కారు వస్తోంది. అదే ఆమె గురువుకి చెప్పింది.

రోజూ బడి వదలడానికి పది నిమిషాల ముందు వస్తుంది. గీత మీదనే ఆగుతుంది. అద్దాలు పైకే ఉంటాయి. లోపల ఒక మగమనిషి. దిగడు. ఎవరూ ఎక్కగా ఆమె చూడలేదు. అద్దంలోంచి గేటు వైపు రెప్ప వేయకుండా చూస్తూ ఉంటాడు. గంట కొట్టి, పిల్లలు బయటపడే గొడవలో మేఘన కోసం చూసి మళ్ళీ ఇటు తిరిగేసరికి ఉండడు. పన్నెండు రోజులు రాసి పెట్టింది. కొలతల పుస్తకంలోనే, ఛాతీకీ భుజానికీ మధ్య, కారు నంబరూ వచ్చిన టైమూ. మొన్న ఆ నంబరు చివరి ఏడు చూసి ఒకావిడ జాకెట్టు చెయ్యి పది అంగుళాలకు బదులు ఏడుకే కత్తిరించింది. ఆవిడ తిట్టిన తిట్లు కూడా అండాలు దాచకుండా చెప్పింది.

ఇక కూతురు. ఆ కారును కాపలా కాయడానికి తల్లి రోజూ గేటు ఎదురుగా నిలబడుతుంది. గంట కొట్టగానే రోడ్డు దాటి వెళ్ళి పిల్ల మణికట్టు పట్టుకుంటుంది. తొమ్మిదో తరగతి పిల్ల. తోటివాళ్ళు నవ్వుతున్నారు. మేఘన ఆ పొద్దున చెప్పు విసిరికొట్టి చెప్పిందట, రేపు ఒక్కసారి గేటు దగ్గర నువ్వు కనపడితే ఎల్లుండినుంచి నేను బడికి పోనని. అన్న మాట మీద నిలబడే పిల్ల. తల్లి పోలికే.

"నేను పోకుంటే వాడున్నడు. పోతే నా బిడ్డ సదువు పోతది" అంది అండాలు. "వాణ్ణి పోలీసులకు పట్టియ్యనా అయ్యా?"

గురువు మంచం మీద కాళ్ళు ముడుచుకు కూర్చున్నాడు. ఆయన భార్య ఈరమ్మ గడప దగ్గర చిక్కుడుకాయలు ఒలుస్తోంది.

"గీతలు ఎన్ని బిడ్డా?" అన్నాడాయన.

"పసుపు గీతలయ్యా. ఆగొద్దని."

"ఎన్ని అని అడిగిన."

దగ్గరుండి గీయించుకున్న గీతలు. ఎన్నో అండాలుకు తెలియలేదు.

"వాడు ఇంజను బందు చేస్తడా?"

"చెయ్యడు. నడుస్తనే ఉంటది. ఎప్పుడంటే అప్పుడు పారిపోనీకే గద."

"ఒక్కనాడన్నా దిగిండా?"

"దిగలే."

ఆయన తల ఊపాడు. ఈరమ్మ చిక్కుడు గింజ నోట్లో వేసుకుని, ముప్పై ఏండ్లు రోడ్డు మీద గీతలు చూసింది చాలలేదు, ఇప్పుడు ఇంట్లో కూర్చుని లెక్కపెడుతున్నాడని దెప్పింది. గురువు ఆ మాట విననట్టే, తాను కూడా రేపు వస్తానన్నాడు. రోజూ ఎట్లా పోతావో అట్లాగే పొమ్మన్నాడు.

దారి పొడుగునా అండాలుకు ఆ ప్రశ్నలే మెదిలాయి. ఇంజను సంగతి ఈయనకెందుకు? దిగితేనేం, దిగకపోతేనేం? డ్రైవరు మనసు డ్రైవరు వైపే లాగుతుందేమో. ఆరేళ్ళలో మొదటిసారి గురువు మీద కూడా ఆమెకు అనుమానం తగిలింది. తగిలినందుకు సిగ్గుపడింది. అయినా అది పోలేదు.

మర్నాడు ఆమె రోజూ వచ్చినట్టే వచ్చింది. స్కూటీకి రెండు వైపులా జాకెట్ల మూటలు, కాళ్ళ దగ్గర ఇంకో మూట, సీటు మీద ఫాల్స్ కుట్టాల్సిన చీరల సంచి. ఎప్పటి చోటే, గేటుకూ జీబ్రా చారలకూ మధ్యన, అంచుకు స్టాండు వేసింది. రోజూ పిల్ల బయటికి రాగానే ఎక్కించుకుపోవడానికి అదే వీలు. రోడ్డు దాటి, ఎదుటి జిరాక్సు షాపు నీడలో నిలబడింది. అక్కణ్ణుంచి గేటంతా కనపడుతుంది.

గురువు ఆ షాపు ముందర బెంచీ మీద అప్పటికే కూర్చుని ఉన్నాడు. భుజాన తువ్వాల. ఆమె పలకరిస్తే తల ఊపాడు, అంతే. ఇవాళ కూతురి కంట పడకూడదని ఆమె కొంగు నెత్తి మీదికి లాక్కుంది.

తెల్ల కారు వచ్చింది. గేటు దాటి, జీబ్రా దాటి, ఇరవై అడుగుల అవతల అంచుకు ఆగింది. అద్దాలు పైకే. ఇంజను సన్నగా ఊగుతోంది. మనిషి దిగలేదు. పక్క అద్దం సర్దుకున్నాడు, గేటు వైపు చూశాడు.

అండాలు పుస్తకం తీసి రాసింది. గురువు చాయ్ తాగొస్తానని లేచాడు. ఆమె కారు మీదనుంచి చూపు తిప్పలేదు. ఇవాళ వీడు ఏం చేసినా చూడాలి.

ఎంతసేపైందో. బడి గంటకు ఇంకా నాలుగు నిమిషాలున్నాయని షాపు గోడమీద టైము చూసి, తల తిప్పి బండి వైపు చూసింది.

బండి లేదు.

మూటలతో సహా లేదు. పదిమంది జాకెట్లు. హ్యాండిల్ లాకు ఎప్పుడో పాడైంది, ఎవరు నెట్టుకుపోయినా పోతుంది. ఇది వాడి పనే. తన చూపు ఇటు తిప్పించి అటు మనిషిని పెట్టాడు. నడుస్తున్న ఇంజను, దిగని మనిషి, అన్నీ ఒక్కచోటికి వచ్చి కూర్చున్నాయి. ఆమె రోడ్డు దాటింది, ఎట్లా దాటిందో తెలియదు, కారు అద్దం మీద అరచేత్తో కొట్టింది.

అద్దం దిగింది. కళ్ళజోడు పెట్టుకున్న నలభై ఏళ్ళ మనిషి. జేబులో పెన్నులు రెండు. ఒక చెయ్యి స్టీరింగు మీద, ఇంకోటి గేరు మీద.

"దిగు" అంది అండాలు.

"దిగనక్కా."

"నా బండేది? ఎవర్ని పెట్టినవ్? దిగి మాట్లాడు."

"దిగితే పార్కింగ్ అయితది" అన్నాడతను. చెయ్యి గేరు మీదనుంచి కదల్లేదు. "ఒక్క గీత కాడ ఆగొచ్చు, పిల్లను ఎక్కించుకోవచ్చు. బండి ఇడిసిపెట్టి పోవద్దు. గీత సూడు, ఒక్కటే ఉంది."

ఆమె కిందకి చూసింది. చక్రం పక్కన ఒక్కటే గీత.

"గేటు కాడ రెండున్నయ్. ఆడ ఆగనే వద్దు. అందుకే నేను గింత దూరం వచ్చి ఆగుత."

అండాలుకు ఆ మాటలు నమ్మబుద్ధి కాలేదు. మరి రోజూ అద్దంలో ఆ చూపేమిటని అడిగింది. అతను చెప్పనా వద్దా అన్నట్టు ఆమె చేతిలో పుస్తకం వైపు చూశాడు.

"మావోడు ఒకటో క్లాసు. గేటు దాటినంక నీ బండి ఎనకకు వస్తడు. అన్ని మూటలాయె, అంత ఎత్తాయె. ఆడ కొంచెంసేపు అవుపడడు. మళ్ల అవుపడేదాంక నా పానం పానంల ఉండదు. నీకు చెప్దామనుకుంట. నువ్వేమో ఎదురుంగ నిలవడి రాసుకుంటుంటవ్. ఆఫీసరమ్మ ఏమో అనుకున్న."

"నీ బండి యాడికి పోలేదక్కా. అద్దంల సూడు."

ఆమె వంగి పక్క అద్దంలో చూసింది. గేటుకు అవతల, దూరంగా, పంచె ఎగ్గట్టిన ముసలాయన ఒకడు స్కూటీని నెట్టుకుపోతున్నాడు. చీరల సంచి ఒరిగిపోతే ఆగి సర్దాడు. మళ్ళీ నెట్టాడు. అటువైపు ట్రాన్స్‌ఫార్మరు దాటాక గీత ఏదీ లేదు. అక్కడ స్టాండు వేసి, తువ్వాలతో మొహం తుడుచుకున్నాడు.

గంట కొట్టారు.

పిల్లలు ఒక్కసారిగా గేట్లోంచి పొర్లారు. అండాలు కారు పక్కనే ఉండిపోయింది. నీళ్ళ సీసా మెడలో వేసుకున్న చిన్నపిల్లాడు ఒకడు గోడవెంట నడిచి వచ్చాడు. గేటు దగ్గర్నుంచి కారుదాకా వాడు ఎక్కడా మరుగు కాలేదు. అటువైపు తలుపు తీసుకుని ఎక్కాడు. ఎదుటి నీడలో నిలబడితే ఎన్నడూ కనపడని తలుపు అది. తండ్రి అద్దం ఎక్కించుకుని, చేత్తో సైగ చేసి, సిగ్నలు వేసి వెళ్ళిపోయాడు.

ఆమె జనంలో ఎదురీదుతూ గేటు దగ్గరికి వచ్చింది. బండి ఉండే చోట నిలబడింది. కాళ్ళ కింద గీతలు లెక్కపెట్టింది. రెండు. వాటి మీద స్టాండు గీరిన గుర్తులు, ఒకటి పక్కన ఒకటి, రోజుకొకటి.

గీతలు కార్లకు అనుకుంది. తన బండి గుర్తుకే రాలేదు.

గురువు వచ్చి పక్కన నిలబడ్డాడు. ఎగశ్వాస తగ్గలేదు.

అప్పుడే మేఘన బయటికి వచ్చింది.

ఇద్దరు స్నేహితురాళ్ళతో మాట్లాడుతూ వచ్చి, బండి ఉండే వైపు చూసింది. బండి లేదు. గేటు స్తంభం పక్కన కొంగు కప్పుకున్న తల్లి పిల్లల గుంపులో కలిసిపోయింది, కనపడలేదు. మేఘన ఎదుటి షాపు నీడ వైపు చూసింది. అక్కడా ఎవరూ లేరు. మొహం ఒక్క క్షణం తేటపడింది, మళ్ళీ ముడుచుకుంది. స్నేహితురాళ్ళు ఇటే వెళ్ళిపోయారు. ఇంటికి పోయే ఆటోలు అవతల. దెబ్బ తగిలినప్పటినుంచి ఆ పిల్ల ఆ రోడ్డు తనంతట తాను దాటలేదు.

వెళ్ళి జీబ్రా చారల మొదట నిలబడింది. చెయ్యి మెడ కింద ఎముక మీదికి పోయింది.

రోడ్డు మీద బండ్లు వస్తూనే ఉన్నాయి. అండాలు ఆరడుగులు వేస్తే మణికట్టు అందుతుంది. పిలిస్తే చాలు, ఆగిపోతుంది. పిలిస్తే రేపటినుంచి బడి కూడా ఆగిపోతుంది. అది తెలిసి కూడా అండాలు నోరు తెరిచింది.

"బిడ్డకు రోడ్డు అవుపడ్తుంది" అన్నాడు ఇస్తారి గురువు.

మేఘన కుడివైపు చూసింది. ఎడమవైపు చూసింది. మళ్ళీ కుడివైపు, బస్సు తిరిగే మలుపుదాకా చూసింది. ఒక లారీని పోనిచ్చింది. ఎముక మీదనుంచి చెయ్యి తీసేసి, చారల మీద అడుగు పెట్టింది.

అండాలు కింద చూసుకుంది. గీతల మీదనుంచి కాళ్ళు తీసి వెనక్కి జరిగింది.