చరణానికి ముందు ఫ్లూటు

పదింటికి గాయని వస్తుంది. తొమ్మిదిన్నర దాటినా చరణానికి ముందు రావాల్సిన ఫ్లూటు ముక్క కుదరలేదు.

పదేళ్లు మద్రాసు రికార్డింగు థియేటర్లలో వయొలిన్ వాయించాక, ఒక పాటకు ఏ వాద్యం ఏం వాయించాలో మొత్తం తానే రాయడం కామేశానికిదే మొదలు. సంగీత దర్శకుడు పొద్దున్నే చెప్పేశాడు: "మధ్యాహ్నంలోగా టేక్ ఓకే కాలేదంటే రెండో పాటకి ఇంకొకళ్లని చూసుకుంటానయ్యా."

నాలుగోసారి కూడా ఫ్లూటు నాదం మధ్యలోనే తెగింది. వాయించే మస్తాన్ గారి ముఖం ఎర్రగా కందిపోయింది. ఆగకుండా దగ్గారు.

"ఆక్సిజన్ సిలిండరు కూడా రాసుంటే బావుండేది కామేశం!" అన్నాడు తబలా ఆయన. వయొలిన్లవాళ్లంతా ఘొల్లున నవ్వారు.

కామేశం నవ్వలేదు. అద్దం వెనక గదిలో కూర్చున్న గురువు ఇమ్మానుయేల్ మాస్టారి దగ్గరికి పరుగెత్తాడు.

"మాస్టారూ, మస్తాన్ గారికి వయసైపోయింది. పక్క థియేటర్లో ఇంకో ఫ్లూటాయన ఉన్నాడు, పిలిపించమంటారా?"

"నువ్వు రాసింది సరిగ్గా ఉందా?"

"నా వయొలిన్ మీద పదిసార్లు వాయించి చూసుకున్నాకే రాశానండీ."

మాస్టారు లేచి లోపలికి వచ్చారు. మస్తాన్ గారి ముందు స్టాండు మీదున్న స్వరాల కాగితం తీసి కామేశం చేతిలో పెట్టారు.

"పాడు."

"నేనా? నాకు గొంతు లేదండీ."

"గొంతెవరు అడిగార్రా? లలలా అను చాలు. ఆగకూడదు."

మాస్టారు చెయ్యెత్తి తాళం వేశారు. కామేశం అందుకున్నాడు. మొదటి వరస బాగానే సాగింది. రెండో వరసలో గొంతు సన్నబడింది. మూడో వరసకి గబుక్కున గాలి పీల్చి ఒక స్వరం మింగేశాడు. కాసేపటికి మరొకటి. మాస్టారి చెయ్యి ఆగలేదు. నాలుగో వరస సగానికి కళ్లు బైర్లు కమ్మి, కామేశం స్టాండు పట్టుకున్నాడు.

ఈసారి ఎవరూ నవ్వలేదు. గడియారంలో పదికి పది నిమిషాలు.

మాస్టారు జేబులోంచి పెన్సిలు తీసి ఇచ్చారు. "ఎక్కడెక్కడ మింగావో అక్కడ గీత పెట్టు."

కామేశం పెన్సిలు తీసుకున్నాడు. కాగితంతో సహా వెళ్లి మస్తాన్ గారి కుర్చీ పక్కన నేలమీద కూర్చున్నాడు. "ఊపిరి ఎక్కడ తీసుకోవాలో మీరే గీత పెట్టండి" అని పెన్సిలు ఆయన చేతికిచ్చాడు.