పసుపులోయ మంచు

తేనెగట్టు అడవిలో ఒక లోయ ఉంది. తొలకరి పడ్డాక అక్కడ అడవి పసుపు పూస్తుంది. పూసిన పది రోజులూ పొద్దున్నే లోయలోంచి పచ్చటి మంచు లేస్తుంది. ఎంత అందంగా ఉంటుందంటే, చూసినవాళ్ళకి అందులోకి నడిచిపోవాలనిపిస్తుంది. నడిచినవాళ్ళ పని మాత్రం అయిపోయినట్టే. ఎప్పుడో ఒక లేడిని, కాలు కుంటిదని దాని మంద వెళ్ళగొట్టిందట. అది ఈ లోయలో పడిపోతూ శపించింది: "ఈ మంచు సోకినవాళ్ళ కంటికీ చెవికీ అయినవాళ్ళు శత్రువులు కావాలి, శత్రువులు అయినవాళ్ళు కావాలి!" ఆ మంద ఏనాడో మట్టిలో కలిసిపోయింది. పాపం, శాపానికి ఆ కబురు ఎవరూ చెప్పలేదు.

ఆ ఏడు నేరేడు అనే గేదె కొత్తగా ఆ అడవికొచ్చి, లోయ అంచునే ఈనింది. మూడు రోజుల దూడ చుక్కి, నుదుట తెల్లమచ్చతో పొదలో పడుకుని ఉండేది. దాన్ని చూసి మెత్తయ్య అనే నక్కకి నోరూరేది. తల్లి కొమ్ములు చూస్తే ఆ ఊరిన నోరు ఎండిపోయేది.

"వదినా, పచ్చి బాలింతవి. ఈ గడ్డిపరకలు తింటే పాలేం పడతాయి?" అన్నాడు మెత్తయ్య ఒక పొద్దున, దూరంగా నిలబడి. "లోయలోకి దిగు. మోకాలెత్తు మేత ఉంది."

"నీకెందుకయ్యా అంత బెంగ?"

"మా ఆవిడా బాలింతే. ఆ తిప్పలు నాకు తెలియవా?"

నేరేడు వీపు మీద కొంగ ఒకటి కూర్చుని ఉంది. "వద్దక్కా, ఆ లోయ మంచిది కాదంటారు" అంది.

"గడ్డి మొలిచిన చోటు చెడ్డదెలా అవుతుందే!" అని నేరేడు దిగిపోయింది. కొంగ పైకెగిరింది.

లోపలంతా పచ్చగా, మెత్తగా ఉంది. గిట్టల చప్పుడు వినబడటం మానేసింది. గడ్డి నోట్లో పెట్టగానే కరిగిపోతోంది. చెట్లు పక్కకి జరిగి దారిస్తున్నట్టు, తన నీడ తనకంటే ముందే మేస్తున్నట్టు అనిపించింది. పుప్పొడి ముక్కు నిండా పట్టేసి వాసనలన్నీ పోయాయి. ఎంతసేపు మేసిందో దానికే తెలియదు.

పైకొచ్చి పొదలోకి చూసింది. దూడ లేదు. దాని చోట ఒక నక్క పడుకుని ఉంది.

"అమ్మా, ఆకలి" అంది ఆ నక్క, నక్కగొంతుతో.

"నా బిడ్డనేం చేశావే!" అని నేరేడు కొమ్ములు వంచింది.

"నేనే అమ్మా, చుక్కిని!"

"అమ్మా, నేనిక్కడున్నా!" అని వెనకనుంచి ఒక దూడ పలికింది. నుదుట తెల్లమచ్చ కూడా ఉంది. "అది నన్ను తినడానికొచ్చింది. తరుము, తరుము!"

నేరేడు తరిమింది. చుక్కి లేతకాళ్ళతో తడబడుతూ వాగు దాటి అవతల బండ పక్కన కూలబడింది.

మెత్తయ్య అప్పుడే చల్లగా జారుకుని, వాగు చుట్టి వెళ్ళి పని కానిచ్చుకోవలసింది. దూడ ఎటూ పోలేదు. కానీ వాడి ముక్కుకి జున్నుపాల వాసన తగిలింది. పుట్టి బుద్ధెరిగి వాడు జున్నుపాలు తాగలేదు. 'రెండు గుక్కలు తాగి పోదాం' అనుకుని పొదుగు కిందికి దూరాడు.

లాగాడు. కుమ్మాడు. మళ్ళీ లాగాడు. చుక్క రాలేదు.

"ఏం తల్లీ, చేపటం లేదేమిటి?" అన్నాడు విసుగ్గా.

"కంగారుపడకు బుజ్జీ. ఇప్పుడే చేపుతా" అంది నేరేడు. దానికీ దిగులుగానే ఉంది. బిడ్డ నోరు తగిలితే చాలు, పొదుగు జివ్వుమనేది. ఇప్పుడు రాయిలా ఉంది.

ఇంతలో వీపు మీద ఒక కాకి వాలింది. "అక్కా, నేను కొంగనే. నీ కళ్ళకి శాపం తగిలింది. పూలు రాలిపోయేదాకా వదలదు. నీ కిందున్నది నక్క!"

"ఛీ పో! పుండు పొడిచి తినేదానివి, నువ్వా నాకు చెప్పేది?" అని తోకతో కొట్టింది. కొంగ ఏడుపుమొహంతో ఎగిరిపోయింది.

అప్పుడు వాగు అవతల నక్క కూసింది. సన్నగా, ఓపిక లేని కూత.

నేరేడు పొదుగు జివ్వుమంది. నాలుగు రొమ్ముల్లోంచీ పాలు వాటంతటవే గడ్డి మీదికి కారాయి.

నేరేడు కదలకుండా నిలబడిపోయింది. ముందు సిగ్గేసింది. 'నక్క కూస్తే నాకు పాలు రావడమేమిటి?' అనుకుంది. తర్వాత భయం వేసింది. బిడ్డని తరిమిన తన కొమ్ములు గుర్తొచ్చాయి.

కింద దూడ గుటకలేస్తోంది. "ఆహా! ఇదిగో వచ్చాయి! ఇందాకటినుంచీ ఏమైంది నీకు?"

"ఇందాక నా బిడ్డ పిలవలేదు నాయనా" అని నేరేడు వెనక్కాలితో ఒక్కటిచ్చుకుంది.

మెత్తయ్య గాల్లో పల్టీలు కొడుతూ పోయి పచ్చటి మంచులో పడ్డాడు. కుంటుతూ అవతలి గట్టెక్కేసరికి ఎదురుగా మేనమామలు ఇద్దరు కనిపించారు. వాడి ప్రాణం లేచొచ్చింది. "మామయ్యా, గేదె తన్నింది చూడండి!" అని మీద పడబోయాడు. మేకల మందకి కాపలా కాసే ఆ రెండు కుక్కలూ అల్లుడికి మర్యాద బాగానే చేశాయి. సగం తోకతో ఇంటికి పరిగెత్తితే గుమ్మంలో పెద్ద కుక్క నిలబడి, "ఎక్కడ తిరిగొస్తున్నావ్?" అంది. పూలు రాలిపోయేదాకా వాడు ఇంటిముఖం చూడలేదు.

నేరేడు వాగు దాటింది. బండ పక్కన నక్క వణుకుతోంది. ఒళ్ళంతా వెనక్కి లాగుతున్నా వెళ్ళి పక్కన నిలబడి, కళ్ళు మూసుకుంది.

"తాగు తల్లీ" అంది.

తొమ్మిది రోజులు అలాగే, కళ్ళు మూసుకుని ఒక నక్కని నాకింది, ఒక నక్కకి పాలిచ్చింది. వీపు మీదికొచ్చిన కాకిని ఉండమంది. పదో పొద్దున లోయలో పూలు రాలాయి. నాకుతూ నాకుతూ కళ్ళు తెరిస్తే నాలుక కింద తెల్లమచ్చ కనిపించింది.

కళ్ళనీ చెవులనీ ఎవరైనా మాయ చేయొచ్చు గానీ, తల్లి పాలని మాయ చేయడం ఎవరి వల్లా కాదు.